పౌల్ వేగెనర్ సినీ ప్రస్థానం: తరచుగా అడిగే ప్రశ్నలు

పౌల్ వేగెనర్ ఎవరు?

జర్మనీలో సినిమా ఇంకా నడక నేర్చుకుంటున్న రోజుల్లో నటించి, కథలు రాసి, దర్శకత్వం కూడా చేసిన మనిషి. 1874 డిసెంబర్ 11న అప్పటి పశ్చిమ ప్రష్యాలోని ఆర్నోల్డ్స్‌డోర్ఫ్ అనే పల్లెలో పుట్టాడు. ఆ ఊరు ఇప్పుడు పోలండ్‌లో ఉంది. 1948 సెప్టెంబర్ 13న బెర్లిన్‌లో చనిపోయాడు. మూకీ సినిమాల గురించి కొంచెం చదివినవాళ్లకు అతని పేరు తెలియకపోయినా ముఖం తెలిసే ఉంటుంది: మట్టితో చేసిన భారీ మనిషి, ఛాతీ మీద నక్షత్రం, నుదుటి మీద గట్టిగా తెగ్గోసినట్టున్న జుట్టు. ఆ బొమ్మ పేరు గోలెం.

కానీ అతన్ని ఆ ఒక్క వేషానికే పరిమితం చేస్తే అన్యాయం. కెమెరా ఉన్నది నాటకాన్ని ఫోటో తీయడానికి కాదని, దానికి చేతనైన పని వేరే ఉందని జర్మనీలో ముందుగా గట్టిగా నమ్మినవాళ్లలో అతనొకడు. ఈ పేజీ రాయడానికి అసలు కారణం అదే.

పేరు ఎలా పలకాలి?

జర్మన్ పలుకుబడిలో 'పౌల్ వేగెనర్'. ఇంగ్లిష్ పద్ధతిలో 'పాల్ వెజెనర్' అని రాసినవి కూడా కనిపిస్తాయి. మనిషి ఒకడే.

లా చదివి నటుడెలా అయ్యాడు?

ఇంట్లోవాళ్ల కోరిక లాయరు కావాలని. ఫ్రైబుర్గ్, లైప్‌జిగ్ యూనివర్సిటీల్లో లా చదువు మొదలుపెట్టి మధ్యలోనే వదిలేశాడు. తర్వాత కొన్నేళ్లు చిన్న ఊళ్ల నాటక కంపెనీల్లో తిరిగాడు. 1906లో బెర్లిన్‌లో మాక్స్ రైన్‌హార్ట్ నడిపే డాయిచెస్ థియేటర్‌లో చేరడంతో దశ తిరిగింది. ఆ రోజుల్లో జర్మన్ రంగస్థలం మీద అంతకంటే పెద్ద చోటు లేదు.

వేగెనర్ ఆరడుగుల ఆజానుబాహువు. వెడల్పాటి చెంపలు, చిన్నగా వాలిన కళ్లు. ప్రేమికుడి పాత్రలు ఇచ్చే ముఖం కాదు. రైన్‌హార్ట్ ఆ సంగతి గమనించి ఈడిపస్, హోలోఫెర్నెస్ లాంటి బరువైన పాత్రలు ఇచ్చాడు. స్వీడన్ నాటకకర్త స్ట్రింద్‌బెరి నాటకంలో భార్యతో జీవితమంతా పోట్లాడే కెప్టెన్ ఎడ్గర్‌గా కూడా పేరు తెచ్చుకున్నాడు. అంటే 1913లో కెమెరా ముందుకు వచ్చేసరికి అతని వయసు 38, నటుడిగా శిఖరం మీద ఉన్నాడు.

అంత పేరున్న నటుడు సినిమాకెందుకు వచ్చాడు?

ఇప్పటివాళ్లకు ఇది వింత ప్రశ్నలా ఉంటుంది గానీ అప్పట్లో ఇదే అసలు ప్రశ్న. సినిమా అంటే తిరునాళ్లలో చూసే తమాషా. పెద్ద రంగస్థల నటులు అటువైపు తొంగి చూస్తే పరువు తక్కువ. 1913 మొదట్లో ఆల్బర్ట్ బాసర్‌మాన్ అనే మహానటుడు సినిమాలో నటించడమే పెద్ద వార్త అయింది. ఆ ఏడాదే వేగెనర్ కూడా వచ్చాడు.

అయితే వాళ్లిద్దరి కారణాలు ఒకటి కావు. డబ్బూ ప్రచారమూ వేగెనర్‌కీ వచ్చే ఉంటాయి, కానీ అతన్ని లాగింది ఒక ట్రిక్. 1890లలో సరదా ఫోటోలు వచ్చేవి: ఒకే మనిషి తనతో తానే పేకాడుతున్నట్టు, ఒక విద్యార్థి తనతో తానే కత్తియుద్ధం చేస్తున్నట్టు. ఫోటోలో కుదిరింది సినిమాలో ఎందుకు కుదరదు అన్నది తన మొదటి ఆలోచన అని తర్వాత ఒక ఉపన్యాసంలో అతనే చెప్పాడు. స్టేజి మీద ఒక నటుడు తన ఎదుట తానే నిలబడలేడు. తెర మీద నిలబడగలడు. అతని మొత్తం కెరీర్ ఈ చిన్న గమనింపులోంచి మొలిచింది.

'ప్రాగ్ విద్యార్థి' కథేమిటి?

1913 ఆగస్టు 22న బెర్లిన్‌లో విడుదలైంది. బాల్డుయిన్ (వేగెనర్) అనే పేద విద్యార్థి ప్రాగ్‌లో మొనగాడైన కత్తివీరుడు, చేతిలో మాత్రం చిల్లిగవ్వ ఉండదు. స్కాపినెల్లి అనే ముసలివాడొచ్చి, నీ గదిలో నాకు నచ్చింది ఏదైనా ఒక్కటి ఇస్తే లక్ష బంగారు నాణేలు ఇస్తానంటాడు. గదిలో ఏముంది గనక? బాల్డుయిన్ నవ్వుకుని సంతకం పెడతాడు. ముసలివాడు అద్దం వైపు వేలు చూపిస్తాడు. అద్దంలోంచి బాల్డుయిన్ ప్రతిబింబం దిగి, గది దాటి, వాడి వెంట వెళ్లిపోతుంది.

తర్వాత బాల్డుయిన్ ఎక్కడికెళ్తే అక్కడ తన నీడలాంటివాడు ప్రత్యక్షమవుతాడు. ప్రేమించిన దొరసాని బంధువును ద్వంద్వయుద్ధంలో చంపనని అతను మాటిస్తే, ఆ రెండోవాడు ముందే వెళ్లి చంపేస్తాడు. చివరికి విసిగి ఆ రూపాన్ని పిస్తోలుతో కాలుస్తాడు. రక్తం కారేది తన గుండెలోంచే.

కథ రాసింది హాన్స్ హైన్జ్ ఎవర్స్, దర్శకుడు డెన్మార్క్‌కు చెందిన స్టెలన్ రూ. వేగెనర్‌కు నిర్మాణంలో, దర్శకత్వంలో కూడా చేయి ఉంది. ఈ కథను 1926లో, 1935లో మళ్లీ తీశారు.

ఇద్దరు బాల్డుయిన్‌లను అప్పట్లో ఎలా తీశారు?

కెమెరామన్ గీడో జేబర్. ముందు లెన్స్‌కు ఒక పక్క మూసేసి, తెరిచి ఉన్న సగంలో వేగెనర్‌ను నటింపజేయడం. తర్వాత ఫిల్మును మొదటికి చుట్టి, ఈసారి రెండో పక్క మూసి, వేగెనర్‌ను అటువైపు నిలబెట్టి అదే ఫిల్ము మీద మళ్లీ తీయడం. వినడానికి తేలిక. కానీ ఆ కెమెరాను చేత్తో తిప్పాలి. రెండుసార్లూ ఒకే వేగంతో తిప్పాలి. స్టాండు వెంట్రుకవాసి కదిలినా మధ్యలో గీత కనిపించిపోతుంది. నటుడేమో ఎదురుగా ఎవరూ లేని చోటుకు చూస్తూ, అక్కడున్న 'తన' కదలికకు సరిగ్గా అదే క్షణంలో స్పందించాలి. లెక్క తప్పితే మొత్తం మళ్లీ మొదటి నుంచి.

మన సినిమాల్లో దశాబ్దాల తరబడి హీరోల డబుల్ రోల్ సీన్లకు వాడిన మాస్క్ షాట్ల కిటుకు కూడా ఇదే. చిన్నప్పుడు హాల్లో కూర్చుని ఇద్దరు హీరోల మధ్య గీత కోసం కళ్లు చిట్లించి వెతికినవాళ్లు ఈ సినిమా చూస్తే మళ్లీ అదే పని చేస్తారు. నేనూ చేశాను. చాలా చోట్ల దొరకలేదు.

గోలెం సినిమాలు ఎన్ని?

మూడు. ఇక్కడే చాలామంది తికమక పడతారు.

మొదటిది 1915 జనవరిలో వచ్చింది. హెన్రిక్ గాలీన్‌తో కలిసి రాసి, తీసిన సినిమా. కథ అప్పటి వర్తమానంలో జరుగుతుంది: తవ్వకంలో పాత మట్టి విగ్రహం బయటపడుతుంది, పురాతన వస్తువుల వ్యాపారి దానికి ప్రాణం పోస్తాడు. కొన్ని ముక్కలు తప్ప మిగతాది పోయింది. రెండోది 1917 నాటి కామెడీ. గోలెం వేషం వేసిన నటుడు ఒక నాట్యగత్తెను ఆటపట్టించడం దాని కథ. అదీ దొరకడం లేదు. మూడోది 1920 అక్టోబర్ 29న బెర్లిన్‌లో ఊఫా పలాస్ట్ ఆమ్ జూ థియేటర్‌లో విడుదలైంది. కార్ల్ బోజ సహదర్శకుడు. గోలెం అసలు ఎలా పుట్టిందో, అంటే మొదటి సినిమాకు వెనకటి కథను, ఇందులో చెప్పారు. ఈ రోజు జనం 'గోలెం' అన్నప్పుడు చెప్పేది దీని గురించే.

ఇది గుస్తావ్ మైరింక్ రాసిన 'గోలెం' నవల ఆధారంగా తీసిందా?

కాదు. ఆ నవల పుస్తకంగా 1915లోనే రావడం వల్ల ఈ పొరపాటు. వేగెనర్ తీసుకున్నది ప్రాగ్‌లోని యూదు వాడలో తరతరాలుగా చెప్పుకునే కథ. 1609లో చనిపోయిన రబ్బీ (యూదు మతగురువు) లోవ్ అనే నిజమైన పండితుడి చుట్టూ అల్లుకున్న కథ అది: తన వాళ్లకు ఆపద వచ్చినప్పుడు ఆయన మట్టితో మనిషిని చేసి ప్రాణం పోశాడట. 'ప్రాగ్ విద్యార్థి' షూటింగ్‌కు వెళ్లినప్పుడు వేగెనర్ ఆ కథ విన్నాడు. విన్నాక ఏడేళ్లు దాన్ని వదల్లేదు.

1920 గోలెం సినిమాలో ఇళ్లు అంత వింతగా ఎందుకు ఉంటాయి?

హాన్స్ పోల్జిగ్ అనే వాస్తుశిల్పి కట్టాడు కాబట్టి. అంతకు ముందు ఏడాదే అతను రైన్‌హార్ట్ కోసం బెర్లిన్‌లో ఒక సర్కస్ భవనాన్ని పెద్ద నాటకశాలగా మార్చి పేరు తెచ్చుకున్నాడు. గోలెం కోసం టెంపెల్‌హోఫ్ స్టూడియో ఆవరణలో ఏకంగా ఒక ఊరే లేపాడు. శిల్పి మార్లీన్ మోష్కె అచ్చులు చేసింది.

అదే ఏడాది ఫిబ్రవరిలో వచ్చిన 'డాక్టర్ కాలిగారి' సినిమాలో వీధులు, కిటికీలు, నీడలు కూడా గుడ్డల మీద గీసినవి. గోలెంలో గీత లేదు. ముద్దగా, బరువుగా, చేత్తో పిసికినట్టుండే గోడలు. ఒకదాని మీద ఒకటి వాలిన ఇళ్లు. చెవి లోపలి భాగంలా మెలిదిరిగే మెట్లు. రబ్బీ ఇంటి లోపల నిలబడితే ఏదో జంతువు పక్కటెముకల మధ్య ఉన్నట్టనిపిస్తుంది. మట్టి మనిషి పుట్టే ఊరు కూడా మట్టితో పుట్టినట్టే ఉండాలి కదా! అచ్చం ప్రాగ్‌లా కట్టాలన్న ఉద్దేశం వాళ్లకు లేదు. కలలో కనిపించే ఊరది. కార్ల్ ఫ్రాయిండ్ కెమెరా పనితనం వల్ల ఆ గోడల మీద దివిటీ వెలుగు కూడా బరువుగా పడినట్టుంటుంది.

గోలెం వేషంలో అంత గొప్పేముంది? కదలకుండా నిలబడటమేగా?

ఈ ప్రశ్న చాలామంది అడుగుతారు. దీనికి కొంచెం నిదానంగా జవాబు చెప్పాలి.

మొదట కళ్లు తెరిచే క్షణం చూడండి. ముఖంలో ఒక్క కండరం కదలదు. కళ్లు మాత్రం ఒక పక్కకు, తర్వాత రెండో పక్కకు తిరుగుతాయి. ఆ తర్వాత గానీ తల తిరగదు. తల తిరిగాక గానీ ఒళ్లు తిరగదు. ప్రాణం పైనుంచి కిందికి ఒక్కో అంగుళం దిగుతున్నట్టు! మందపాటి అడుగుల బూట్లు, ఒంటికి పట్టేసిన బరువైన దుస్తులు, వాటి లోపల 45 ఏళ్ల మనిషి.

తర్వాత రబ్బీ దానికి ఇంటి పనులు చెబుతాడు. కట్టెలు కొట్టడం, బావిలో నీళ్లు తోడటం, బుట్ట పట్టుకుని అంగడికి వెళ్లడం. అంగట్లో జనం పారిపోతుంటే గోలెంకు ఎందుకో అర్థం కాదు. చక్రవర్తి సభలో ఒక అమ్మాయి పువ్వు ఇస్తే వాసన చూస్తుంది. ఆ ఒక్క క్షణం ముఖం మెత్తబడుతుంది. ఇంకాసేపటికి, దాని ఛాతీ మీద ప్రాణం నిలిపే నక్షత్రాన్ని రబ్బీ తీసేయబోతే చేయి అడ్డం పెట్టుకుంటుంది. ప్రాణం రుచి తెలిసింది, ఇక వదులుకోదు. మాట లేని సినిమాలో, ముఖం నిండా మేకప్‌తో, ఈ మార్పు మొత్తం కళ్లతోనూ భుజాలతోనూ చూపించాడు.

ఇక చివరి సన్నివేశం. గోలెం వాడ తలుపులు బద్దలు కొట్టుకుని బయటికొస్తుంది. అక్కడ ఎండ, ఆడుకుంటున్న పిల్లలు. అందరూ పరుగెడతారు, ఒక చిన్నపిల్ల మాత్రం ఉండిపోతుంది. తన చేతిలోని యాపిల్ పండు ఇస్తుంది. గోలెం పిల్లను ఎత్తుకుంటుంది. పిల్లకు ఛాతీ మీది నక్షత్రం మెరుస్తూ కనిపిస్తే, ఆటవస్తువు అనుకుని లాగేస్తుంది. అంతే, కుప్పకూలిపోతుంది. ఇంతమంది పెద్దలూ మంత్రాలూ ఆపలేనిదాన్ని ఒక పిల్ల భయపడకపోవడం ఆపింది. మిగతా పిల్లలు వచ్చి దాని మీదెక్కి కూర్చుని పూలు పరుస్తారు. మొదటిసారి చూసినప్పుడు నేను అక్కడే వీడియో ఆపి, వెనక్కి జరిపి మళ్లీ చూశాను.

1931లో హాలీవుడ్‌లో వచ్చిన 'ఫ్రాంకెన్‌స్టైన్'లో రాక్షసుడు, చెరువు గట్టున చిన్నపిల్ల ఉన్న సన్నివేశం చూసి విమర్శకులు దీన్నే గుర్తు చేసుకుంటారు.

యూదుల గురించి ఈ సినిమా చెప్పేది సరైనదేనా?

అభ్యంతరాలున్నాయి, అవి న్యాయమైనవే. వేగెనర్ యూదుడు కాడు. తెర మీది రబ్బీ పండితుడి కంటే మంత్రగాడిలా ఎక్కువ కనిపిస్తాడు, దయ్యాలను పిలుస్తాడు. యూదు వాడ అంటే చీకటి, రహస్యం అన్నట్టుంటుంది. అదే సమయంలో కథలో అన్యాయం చేసేది చక్రవర్తే. వాళ్లను ఊరు వదిలి పొమ్మని ఆజ్ఞ రాసేది అతనే. వాళ్ల బాధను తెర మీద చూపిస్తే పగలబడి నవ్వేది అతని సభే. ఆ నవ్వుకే మేడ కూలుతుంది. రెండూ ఒకే సినిమాలో ఉన్నాయి. ఒకదాన్ని దాచి రెండోదాన్ని పొగడటం నాకిష్టం లేదు.

సినిమా గురించి అతను ఏమైనా రాశాడా?

1916 ఏప్రిల్‌లో సినిమాకున్న కళాత్మక అవకాశాల మీద ఒక ఉపన్యాసం ఇచ్చాడు. నాటకాన్ని మర్చిపోండి, నవలను మర్చిపోండి, సినిమాను సినిమాలోంచే పుట్టించాలి అన్నది దాని సారం. సినిమాకు అసలు కవి కెమెరాయే అన్నాడు. అక్కడితో ఆగలేదు. నటుడే లేకుండా కదిలే గీతలతో, ఆకారాలతో, వెలుగుతో తీసే సినిమాను కూడా ఊహించాడు. జర్మన్ కళాకారులు అలాంటి సినిమాలు నిజంగా తీసింది ఆ తర్వాత కొన్నేళ్లకు. ఒక స్టార్ నటుడు నటుడే అక్కర్లేని సినిమా గురించి కలగనడం నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే.

లొట్టె రైనిగర్‌కు, అతనికి సంబంధం ఏమిటి?

కత్తెరతో నల్లకాగితం కత్తిరించి, ఆ నీడబొమ్మలతో 1926లో 'ప్రిన్స్ అహ్మద్ సాహసాలు' అనే పూర్తి నిడివి యానిమేషన్ సినిమా తీసిన మహిళ లొట్టె రైనిగర్. టీనేజ్‌లో ఉండగా వేగెనర్ ఉపన్యాసం విని, ఎలాగైనా ఈయన దగ్గర పని చేయాలని పట్టుబట్టింది. రైన్‌హార్ట్ నాటక పాఠశాలలో చేరి, నటుల ఆకారాలు కత్తిరిస్తూ అతని కంట పడింది.

1918లో వేగెనర్, వేణువు ఊది ఎలుకలను వెంట తీసుకుపోయే 'హామెలిన్ వేణుగాన వేటగాడు' కథ తీస్తున్నప్పుడు ఎలుకలు చెప్పిన మాట వినలేదు. సీమ ఎలుకలకు రంగు పూసి, తోకలు కట్టి చూశారు, అవీ కుదరలేదు. చివరికి చెక్క ఎలుకలు చేసి ఒక్కో ఫ్రేము కదిలిస్తూ తీశారు. ఆ పనిలో సాయపడిన అమ్మాయి రైనిగర్. ఆ సినిమాకు టైటిల్ కార్డుల నీడబొమ్మలూ ఆమెవే. 1919లో ఆమెను బెర్లిన్‌లో ప్రయోగాత్మక సినిమాలు తీసే బృందానికి పరిచయం చేసింది కూడా వేగెనరే. అతను చేసిన మంచి పనుల జాబితా నన్ను రాయమంటే ఇది పైనుంటుంది.

1920 తర్వాత?

ఎక్కువగా నటుడిగానే. లుబిచ్ తీసిన భారీ సినిమాల్లో రాజు, షేక్ వేషాలు. 1925లో టిబెట్ నేపథ్యంలో ఆస్టా నీల్సెన్‌తో 'సజీవ బుద్ధులు' తీశాడు, అందులో చాలా భాగం పోయింది. 1926లో ఐర్లాండ్‌లో పుట్టిన హాలీవుడ్ దర్శకుడు రెక్స్ ఇంగ్రమ్ ఫ్రాన్స్‌లోని నీస్‌లో తీసిన 'మెజీషియన్'లో విలన్. 1928లో 'అల్‌రౌనె'లో బ్రిగిట్టె హెల్మ్‌కు ఎదురుగా పిచ్చి శాస్త్రవేత్త. ముఖం చూసి పాత్రలిచ్చారు. ఆలోచన చూసి ఇచ్చినవాళ్లు తక్కువ.

నాజీల కాలంలో ఏం చేశాడు?

దేశం వదిలి వెళ్లలేదు. పని చేశాడు. 1933లో 'హాన్స్ వెస్ట్‌మార్' అనే నాజీ ప్రచార చిత్రంలో కమ్యూనిస్టు నాయకుడి వేషం వేశాడు. 1934 నుంచి 1937 దాకా కొన్ని సినిమాలకు దర్శకత్వం చేశాడు. 1936లో పోలా నెగ్రితో తీసిన 'మాస్కో-షాంఘై' వాటిలో ఒకటి. ప్రభుత్వం నుంచి 'రాజ్య నటుడు' (స్టేట్ యాక్టర్) బిరుదు అందుకున్నాడు. 1942లో 'మహారాజు', 1945 జనవరిలో విడుదలైన 'కోల్‌బెర్గ్' అనే ప్రచార చిత్రాల్లోనూ ఉన్నాడు. నాజీ వ్యతిరేకులకు చాటుగా డబ్బు సాయం చేశాడని, కొందరికి ఆశ్రయమిచ్చాడని యుద్ధం తర్వాత చెప్పుకున్నారు. అది నిజమైనా పై సినిమాలు చెరిగిపోవు.

అతనితో మొదలుపెట్టినవాళ్లకు ఏమైందో చూస్తే ఆ కాలం అర్థమవుతుంది. దర్శకుడు స్టెలన్ రూ మొదటి ప్రపంచయుద్ధంలో, 1914లోనే, ఫ్రెంచివాళ్ల చేతిలో యుద్ధఖైదీగా చనిపోయాడు. వేగెనర్ కూడా అదే యుద్ధంలో ఫ్లాండర్స్‌లో పోరాడి ఐరన్ క్రాస్ పతకం అందుకున్నాడు. 'ప్రాగ్ విద్యార్థి' రాసిన ఎవర్స్ నాజీ అయ్యాడు. 'హాన్స్ వెస్ట్‌మార్'కు ఆధారం అతని పుస్తకమే. స్కాపినెల్లిగా నటించిన యూదు నటుడు జాన్ గాటోట్‌ను 1942లో పోలండ్‌లో నాజీలు చంపేశారు. దొరసానిగా వేసిన గ్రేట బెర్గర్ 1944లో ఆష్విట్జ్ నాజీ శిబిరంలో చనిపోయింది. గాలీన్ ప్రవాసం పోయి 1949లో అమెరికాలో కన్నుమూశాడు. 1913 నాటి ఆ సినిమాను ఇవి తెలిసి చూడటం వేరు, తెలియక చూడటం వేరు.

యుద్ధం తర్వాత అతన్ని పక్కన పెట్టారా?

లేదు. 1945 వేసవిలో బెర్లిన్ కళాకారుల మండలికి అధ్యక్షుణ్ణి చేశారు. సెప్టెంబర్ 7న డాయిచెస్ థియేటర్ మళ్లీ తలుపులు తెరిచింది. నాటకం లెస్సింగ్ రాసిన 'జ్ఞాని నాథన్'. మూడు మతాలవాళ్లూ మనుషులే అని చెప్పే యూదు వర్తకుడి కథ, నాజీల కాలంలో ఆడనివ్వని నాటకం. దర్శకుడు ఫ్రిట్జ్ విస్టెన్, హిట్లర్ రాజ్యాన్ని బతికి బయటపడిన యూదుడు. నాథన్ వేషం 70 ఏళ్ల వేగెనర్‌ది. బయట నగరం మొత్తం ఇటుకల కుప్ప.

మూడేళ్ల తర్వాత, 1948 జులైలో, అదే పాత్ర వేస్తూ స్టేజి మీద కుప్పకూలాడు. సెప్టెంబర్‌లో పోయాడు. చివరి సినిమా మరుసటి ఏడాది విడుదలైంది.

పెళ్లిళ్ల సంగతి?

ఆరు. ప్రాగ్‌లో పుట్టిన లీడా సాల్‌మొనోవా గోలెం కథానాయిక, అతని భార్య కూడా. 1922 నాటి 'నాస్ఫెరాటు' నాయిక గ్రేట ష్రోడర్ కూడా ఒకప్పుడు అతని భార్యే.

ఇప్పుడు చూడాలంటే ఏది ముందు?

1920 గోలెం. పాత జర్మన్ సినిమాలను భద్రపరిచే మూర్నౌ ఫౌండేషన్ ఈ మధ్య బాగు చేసిన ప్రతి దొరికితే అదే చూడండి. ఇంటర్నెట్‌లో తిరిగే పాత కాపీల్లో పోల్జిగ్ గోడలు మసక మరకల్లా ఉంటాయి. నిడివి గంటన్నర లోపే. తర్వాత మ్యూనిక్ ఫిల్మ్ మ్యూజియం పునరుద్ధరించిన 1913 'ప్రాగ్ విద్యార్థి'. అందులో కెమెరా పెద్దగా కదలదు, షాట్లు పొడుగ్గా ఉంటాయి. మొదటి పావుగంట ఓపిక పట్టండి. అద్దంలోంచి మనిషి దిగే చోట సౌండ్ కూడా ఆపేసి చూడండి.